అందరి భాషలోనూ ఔనన్న వదిన

మా వదిన లెయోంతీన్‌కి భాషలు పట్టుకున్నంత తేలిగ్గా ఎవరికీ జలుబు కూడా పట్టుకోదు. పుట్టింది జిగుమలో కాబట్టి బైనుక్ వచ్చు. మా అన్న అంబ్రోయిజ్‌ని చేసుకుని మా ఊరు ఎబూక్‌కి వచ్చింది కాబట్టి జోలా వచ్చు. పెళ్ళికి ముందు జిగిన్‌షోర్ పట్నంలో ఒకరింట్లో పనికి కుదిరి క్రియోల్ నేర్చుకుంది. పాత పోర్చుగీసు మాటలు మా నోళ్ళలో నాని నాని తయారైన భాష అది. ఎండుచేపలకి వచ్చే ఆడవాళ్ళ దగ్గర వోలోఫ్, కూరమడుల దగ్గర మాండింకా, ఆస్పత్రిలో సిస్టర్ల దగ్గర ఫ్రెంచి. ఇందులో పెద్ద గొప్పేమీ లేదు. మా వైపు ఆడదాని పెట్టెలో ఎన్ని గుడ్డలుంటాయో నోట్లో ఇంచుమించు అన్ని భాషలుంటాయి. పొలానికొకటి, సంతకొకటి, చర్చికొకటి. వదిన సంగతి వేరుగా చెప్పుకోవలసింది ఇంకొకటుంది. ఆవిడ ఎవరి భాషలో వాళ్ళకి ఔననేది.

జిగుమకీ మాకూ మధ్య వరిచేలు, ఒక ఉప్పుటేరు, అంతే దూరం. అక్కడ పొయ్యి రాజేస్తే పొగ మాకు కనిపిస్తుంది. కాని అక్కడ కుండని పిలిచే మాట వేరు, వాననీ నీళ్ళనీ పిలిచే మాటలు వేరు. కొత్తకోడలు మా ఊరొస్తే ఆమె పుట్టింటి భాషలో ఎవరూ పలకరించరు, అది మా పద్ధతి. వచ్చిన పొద్దు నుంచే మా భాష. అర్థమైతే సరే, కాకపోతే చూసి నేర్చుకోవాలి. ఇది కక్షతో చేసేది కాదు. ఈ నేలలో నాటు వేయాలంటే ఈ నేల భాషలోనే వేయాలని మా వాళ్ళ నమ్మకం. కొత్తకోడలి నోరు తిప్పే పని ఆడపడుచుది. అంటే నాది.

నేను మంచి పంతులమ్మని కాదు. రోటి దగ్గర నిలబెట్టి, నా వాటా వడ్లు కూడా ఆవిడ చేత దంపించాకే ఒక్కో మాటా చెప్పేదాన్ని.

"ఇదేంటి?" అని రోకలి చూపించేది.

"ముందు ఆ బుట్ట దంచు, చెబుతా."

"నువ్వు మనిషివేనా పిల్లా?"

ఆ చివరి మాట వాళ్ళ భాషలో గొణిగింది. నాకర్థం కాదనుకుంది. మా ఊళ్ళో ఎవరికి ఎంత అర్థమవుతుందో ఎవరూ నిజం చెప్పరు. నేను కూడా వాళ్ళ భాషలోనే ఒక తిట్టు తిట్టాను. ఆవిడ రోకలి దించి నా మొహంలోకి చూసి, పొట్ట పట్టుకుని నవ్వింది. ఆ రోజు నుంచీ మా ఇద్దరికీ ఒక భాష తయారైంది. ఆవిడ మాటతో మొదలై, నా మాటతో పూర్తయి, మధ్యలో కోపమొస్తే క్రియోల్‌లోకి దూకే భాష. బయటివాళ్ళు వింటే తలలు దించుకోవలసిందే, అంత కంగాళీగా ఉండేది. జీవితమంతా మేం దెబ్బలాడుకున్నది అందులోనే. నాతో మాత్రం ఆవిడ ఎన్నిసార్లు కాదందో లెక్కలేదు. కూరలో ఉప్పు చాలదనేది, నా మొగుడు సోమరి అనేది, నేను పాడితే కాకులు లేచిపోతాయనేది. నాకు ఒళ్ళు మండేది. మర్నాడు మళ్ళీ రోకలి పట్టుకుని వాళ్ళింటికే వెళ్ళేదాన్ని.

మిగతా లోకానికి మాత్రం ఆవిడ వెన్న. ఒకసారి ఇద్దరం ఎండబెట్టిన ఆల్చిప్ప మాంసం తీసుకుని జిగిన్‌షోర్ సంతకి వెళ్ళాం. మడచెట్ల వేళ్ళకి పట్టినవి కోసుకొచ్చి ఉడకబెట్టి ఎండబెడితే మంచి గిరాకీ. అమ్ముడుపోగా చివరికి ఒక్క బుట్ట మిగిలింది. దాని మీద ఇద్దరు ఆడవాళ్ళు కన్నేశారు. వదిన ఒకామెతో వోలోఫ్‌లో, "నీకోసమే దాచానక్కా" అంది. ఇటు తిరిగి రెండో ఆమెతో మాండింకాలో, "నువ్వొస్తావనే ఎవరికీ ఇవ్వలేదమ్మా" అంది. ఆ ఇద్దరికీ రెండు భాషలూ వచ్చు. సంత సంతంతా మా చుట్టూ మూగింది. చివరికి నేనే గొంతు చించుకుని, బుట్టని రెండు వాటాలు చేసి ఇద్దర్నీ పంపించాను.

దారిలో కడిగేశాను. "ఇద్దరికీ అదే మాట ఎలా చెప్పావు వదినా? సిగ్గులేదూ?"

"ఇద్దరికీ ఇవ్వాలనే ఉందే నాకు. బుట్ట ఒకటే ఉంటే నా తప్పా?"

ఆవిడ అబద్ధం చెప్పలేదని నాకు చాలా కాలానికి గాని అర్థం కాలేదు. వోలోఫ్‌లో మాట్లాడేటప్పుడు ఆవిడకి ఆ వోలోఫ్ అక్కే కావలసింది. మాండింకాలోకి వెళ్ళగానే ఈ అమ్మ కావలసింది. ఏ భాష ఎత్తితే ఆ భాష మనుషుల మీద ప్రేమ పొంగుకొచ్చేది. అలాంటి మనిషిని ఊరంతా మెచ్చుకుంటుంది, ఇంట్లోవాళ్ళకే ప్రాణం మీదికొస్తుంది.

వాళ్ళ కొడుకు గాస్పార్ డాకార్ వెళ్ళి భాషల చదువు చదివాడు. ఇప్పుడు జిగిన్‌షోర్‌లో పంతులు. సెలవలకి వచ్చినప్పుడు ఒకసారి, మేం వేరుశెనక్కాయలు వలుస్తుంటే, వాకిట్లో ఇసక మీద పుల్లతో పెద్ద చెట్టు గీశాడు.

"చూడమ్మా, ఇదంతా ఒకే వంశం. ఈ కొమ్మ మన వైపు. ఈ రెమ్మ జోలా, ఈ రెమ్మ బైనుక్. వోలోఫ్ కూడా ఈ కొమ్మదే. అదిగో, అక్కడ ఖండం దక్షిణ కొసన మాట్లాడే భాషలున్నాయే, అవీ ఈ మానువే. మనుషుల్ని చెప్పే మాటలొక మంద, చెట్లని చెప్పే మాటలొక మంద అని, మాట ముందు ముక్క మార్చి మనం వేరుచేసి కట్టేస్తాం కదా, అక్కడివాళ్ళూ అలాగే కట్టేస్తారు."

"మరి మాండింకా?" అంది వదిన.

"అది పక్క కొమ్మ. అసలు ఈ మానుదేనా కాదా అని పెద్దపెద్ద వాళ్ళే ఇంకా కొట్టుకుంటున్నారు."

"అయితే మా పుట్టింటి భాషా మీ నాన్న భాషా దాయాదులంటావు."

"అంతేనమ్మా."

"అందుకే ఒకదానికొకటి పడి చావదు," అంది వదిన. మా అన్న కల్లు ముంత పక్కన పెట్టి మరీ నవ్వాడు.

నేను ఊరుకోలేదు. "చెట్టు బాగానే ఉందిరా గాస్పార్. పుట్టుకలు గీశావు, మరి పెళ్ళిళ్ళేవీ? మీ అమ్మ ఈ రెమ్మ మీంచి ఆ రెమ్మకి నడిచొచ్చింది. ఆవిడ ఎక్కడుంది ఇందులో?"

"దానికి వేరే బొమ్మ గీస్తారత్తా. అదింకా చిక్కు. గీతలన్నీ ఒకదాని మీద ఒకటి పడతాయి. నేను చదివినప్పుడు ఆ పాఠంలోనే తప్పబోయాను."

వాడు మంచివాడు, తెలియంది తెలియదని ఒప్పుకుంటాడు. అరటిపండుకి ప్రపంచమంతా వాడే పేరు మా తీరం నుంచే పడవెక్కి పోయిందంటారని కూడా వాడే చెప్పాడు. మేం గర్వపడి తలా ఒకటి తిన్నాం. ఈలోగా కోళ్ళొచ్చి వంశవృక్షం మీద గింజలు ఏరుకున్నాయి.

మా అన్న పోయాక అసలు చిక్కు మొదలైంది. బయటి ఊరి నుంచి వచ్చిన ఆడది మొగుడు పోతే ఏడాది తిరిగాక పుట్టిన ఊరికి వెళ్ళిపోవాలి. అది మా ఎబూక్ కట్టుబాటు. ఆమెని తరిమేస్తున్నామని కాదు. అరువు తెచ్చుకున్న మనిషిని మర్యాదగా అప్పగిస్తున్నామని మా పెద్దల లెక్క. నేను మా ఊరి పెద్దాయన అతెపా ఇంటికి వెళ్ళి, ఆయన తినే అన్నం ముందు కూర్చుని ఏడ్చి, తిట్టి, వదినని ఉండనిమ్మని ఒప్పించాను. అన్న సమాధి పక్కన ఆవిడకని చోటు కూడా నేనే బాగుచేయించాను. పొదలు కొట్టించి, చుట్టూ ఆల్చిప్పలు పరిపించాను. మా ఊళ్ళో పరాయి ఊరి ఆడదానికి అలాంటి చోటు ఇవ్వడం అదే మొదలు.

జిగుమ నుంచి ఆవిడ తమ్ముడు ఒనోరే ఎండాకాలం రాగానే ఏరు దాటి వచ్చేవాడు. బాగా తేనె నోరు. "అక్కా, బావ పోయాడు. ఇంకెన్నాళ్ళిక్కడ? నాన్న సమాధి మీద కల్లు పొయ్యడానికి మన భాష తెలిసిన ఆడదిక్కు లేదు. మా పిల్లలు డాకార్ వోలోఫ్ తప్ప మాట్లాడరు. నువ్వొస్తే ఇంట్లో మళ్ళీ మన మాట వినపడుద్ది," అనేవాడు.

వదిన బైనుక్‌లో, "వస్తానురా. వానలు పడనీ," అనేది.

అదే సాయంత్రం గాస్పార్ అడిగేవాడు. "మమ్మల్నొదిలి మావయ్యతో పోతావా అమ్మా?"

వదిన జోలాలో, "ఎక్కడికి పోతానురా పిచ్చోడా? మీ నాన్న పక్కనే," అనేది.

రెండు మాటలూ నా చెవినే పడ్డాయి. రెండూ నిజంగానే అన్నదని నాకు తెలుసు. ఇద్దరిలో ఎవరి కళ్ళ ముందున్నా ఆవిడకి కన్నీళ్ళు తిరిగేవి. మూడో మాట అడగగలిగినదాన్ని నేనొక్కదాన్నే. రోటి దగ్గర మా కంగాళీ భాషలో, "ఏమే, నిజం చెప్పు, నీకెక్కడుండాలనుంది?" అంటే చెప్పేసేది. నేనడగలేదు. ప్రతి వానాకాలం ఊడ్పులప్పుడు పక్కపక్కన వంగి నాట్లేస్తూ, నోటిదాకా వచ్చిన మాటని మింగేదాన్ని. అడిగితే నిజం చెబుతుందని భయం. ఆవిడ లేకుండా ఆ రోటి దగ్గర నేనేం మాట్లాడతాను, ఎవరితో?

కోతల కాలంలో ఒక మధ్యాహ్నం గోంగూర కోస్తూ కోస్తూ చెట్టు నీడన కూర్చుంది. కూర్చున్నది కూర్చున్నట్టే పోయింది. ఒళ్ళో కోసిన ఆకు అలాగే ఉంది.

మా దగ్గర మనిషి పోతే మట్టి చేసే ముందు పాడె మీద పెట్టి అడుగుతాం. నలుగురు కుర్రాళ్ళు మోస్తారు. పెద్దవాడొకడు ఎదురుగా నిలబడి అడుగుతాడు. ఔనంటే పాడె ముందుకొస్తుంది, కాదంటే వెనక్కి పోతుంది. ఎవరైనా కీడు చేశారా, ఏదైనా మనసులో ఉండిపోయిందా, ఎక్కడ పడుకుంటావు, అన్నీ అడగాలి. జవాబు రాకుండా పూడిస్తే ఆ ఇంటికి నిద్రుండదు. మోసేవాళ్ళే తోస్తారని పాద్రీ అంటాడు. అంటే అననీ. నేను చిన్నప్పుడు మా బాబాయి పాడె మోసిన కుర్రాడు, అది లాగిన లాగుడికి భుజం వాచి ఏడవడం చూశాను.

ఒనోరే తన ఊరివాళ్ళని వెంటేసుకుని వచ్చేశాడు. పాడె మీద కప్పడానికి నాణెమైన గుడ్డలు తెచ్చాడు. ఏడ్చాడు, నిజంగానే ఏడ్చాడు. తర్వాత తుడుచుకుని, "మా అక్కని మేం తీసుకుపోతాం," అన్నాడు.

గాస్పార్ అడ్డం వచ్చాడు. "మా నాన్న పక్కన చోటు సిద్ధంగా ఉంది మావయ్యా."

"మాటిచ్చిందిరా నాకు."

"నాకూ ఇచ్చింది."

అతెపా పెద్దాయన కర్ర నేలకి కొట్టాడు. "మీరు మీరు కొట్టుకోడం దేనికి? మనిషి ఇక్కడే ఉందిగా. అడుగుదాం."

పాడె ముందు నిలబడి, మా భాషలో, ఊరందరూ వినేలా అడిగాడు. కీడేమీ లేదని తేలింది. "లెయోంతీన్, నీ మొగుడి పక్కన పడుకుంటావా?" అన్నాడు. పాడె ఊగింది. ఊగి, ముందుకు రెండడుగులు వచ్చింది. మా ఆడవాళ్ళు సంతోషంతో నాలుకలాడిస్తూ కూత వేశారు. నేను అందరికంటే గట్టిగా వేశాను.

"ఆగండి," అన్నాడు ఒనోరే. "పుట్టింటివాళ్ళకీ అడిగే హక్కుంది." అది నిజమే, ఉంది. అతను ముందుకొచ్చి, చెప్పులు విడిచి, బైనుక్‌లో మెల్లిగా, చిన్నప్పుడు పిలిచే పేరుతో పిలిచి అడిగాడు. "అక్కా, మనింటికొస్తావా?"

పాడె ముందుకొచ్చింది. అవే రెండడుగులు.

మోసేవాళ్ళు తమకి బైనుక్ ఒక్క ముక్క రాదని ఒట్లు పెట్టుకోవడం మొదలెట్టారు. అతెపా మళ్ళీ జోలాలో అడిగాడు, ఔనంది. ఒనోరే మళ్ళీ బైనుక్‌లో అడిగాడు, ఔనంది. ఎవడో తెలివితక్కువవాడు ఫ్రెంచిలో కూడా అడిగాడు. దానికీ ఔనంది. జిగుమవాళ్ళు ఒకవైపు, మావాళ్ళు ఒకవైపు గొంతులు పెంచారు. ఎండ నెత్తికెక్కుతోంది. గాస్పార్ చేతులు నెత్తిన పెట్టుకుని నేల మీద కూలబడ్డాడు. ఇంత చదువు చదివినవాడు, అమ్మ ఏమంటుందో తెలియక చిన్నపిల్లాడిలా చూస్తున్నాడు.

నాకు ఒళ్ళు మండిపోయింది. చచ్చి కూడా మర్యాదే! ఎవరు అడిగితే వాళ్ళకి తలూపడమే! నేను జనాన్ని తోసుకుని పాడె ముందుకొచ్చి నిలబడ్డాను.

"యుఫ్రాజీ!" అని అతెపా నన్ను గసిరాడు. "ఆడది పాడెని అడగడం ఎక్కడైనా ఉందా?"

"ఇందాకట్నుంచీ మగాళ్ళే అడిగారుగా పెద్దాయనా. ఏం తేల్చారు?"

ఆయన కర్ర పక్కకి తీశాడు.

నేను మా రోటి భాష ఎత్తాను. ఊరు ఊరంతా, పక్కూరు కూడా వింటుండగా, సిగ్గూ ఎగ్గూ లేకుండా. ఆ మాటల్ని ఉన్నవి ఉన్నట్టు చెప్పడం నా వల్ల కాదు. కాస్త కడిగి చెబితే ఇలా ఉంటాయి. "ఒసేయ్ లెయోంతీన్, ఇక్కడ నీ తమ్ముడు లేడు, నీ కొడుకు లేడు, నేనే ఉన్నాను. నన్ను చూసి మొహమాటపడకు, ఎప్పుడూ పడలేదుగా. నా పొగరు నీకు తెలుసు, నీ టక్కులు నాకు తెలుసు. ఇన్నేళ్ళూ అడగలేదు, ఇప్పుడడుగుతున్నా. ఈ ఊళ్ళో, నా దగ్గర ఉంటావా?"

పాడె కదల్లేదు. కుర్రాళ్ళ మెడల మీద నుంచి చెమట కారడం కనిపిస్తోంది. లోపల్లోపల నేను అనుకుంటూనే ఉన్నాను. రా, ముందుకు రా, ఒక్కసారి నాకూ ఔనను, నాతో కూడా ఒక్కసారి మర్యాదగా ఉండు.

పాడె వెనక్కి పోయింది. ఒకడుగు, ఇంకో అడుగు, తూలుతూ, ఏటి వైపు.

"జిగుమకి పోతావా?" అన్నాను. పాడె ముందుకొచ్చి, దాదాపు నా గుండెలకి ఆని, ఆగింది.

ఈసారి ఎవరూ కూత వెయ్యలేదు. ఒనోరే కూడా గెలిచినవాడిలా లేడు. నాకు కోపం, ఏడుపు, ఇంకేదో గర్వం లాంటిది, అన్నీ ఒకేసారి వచ్చిపడ్డాయి. ఆ మనిషి నలభై వానాకాలాలు మా నేలలో నాట్లేసింది. మా పిల్లలకి మా భాషలో జోల పాడింది. మా పెద్దలకి మా భాషలో దండం పెట్టింది. మనసులో మాత్రం ఆ ఏటికి అటువైపు వంట పొగ చూస్తూనే ఉంది. నేను పక్కనే వంగి నాటేస్తున్నాను, నాకు తెలియదని ఎలా అనను? తెలుసు కాబట్టే అడగలేదు.

"ఎత్తండి," అన్నాను కుర్రాళ్ళతో. "ఏటి దగ్గర మెల్లిగా. పోటు తీసింది, బురద జారుతుంది."

పాడె వెనక ఊళ్ళు రెండూ కలిసి నడిచాయి. వరిచేల గట్ల మీద ఒకరి వెనక ఒకరు. గాస్పార్ నా వెనకే వస్తున్నాడు. ఏరు కనిపించాక అడిగాడు.

"అత్తా, అమ్మ మాకెందుకు చెప్పలేదు ఆ మాట? ఎన్నిసార్లు అడిగాను నేను."

"మీరు బాధపడతారనిరా."

"మరి నువ్వు బాధపడవా?"

"పడతాను," అన్నాను. "అయినా నాకు చెప్పింది."